ఫిర్యాదు నాదే, కేసు నాది కాదు

2021లో పొలం గట్టు తగాదాలో మా పెదనాన్న కొడుకు, నాకు అన్నయ్య, ఇనుప రాడ్డుతో నన్ను కొట్టాడు. కనుబొమ్మ పైన ఏడు కుట్లు పడ్డాయి. ముందు నోరు పారేసుకున్నది నేనే; ఆ సంగతి ఫిర్యాదులో రాయలేదనుకోండి. పోలీసులు అప్పటి శిక్షాస్మృతి ఐపీసీ 324 కింద కేసు కట్టారు.

మూడేళ్ల తర్వాత నానమ్మ దినాల్లో ఇద్దరం ఒకే బంతిలో కూర్చున్నాం. సర్వేయరు వచ్చి హద్దు రాళ్లు వేశాక రాజీ పత్రం రాసుకున్నాం. ఆ కాగితం చూపిస్తే కేసు మూసేస్తారని నా నమ్మకం.

లాయరు గారు కాగితం మడిచి నా చేతికే ఇచ్చారు. "ఫిర్యాదు మీరిచ్చారు గానీ కేసు నడిపేది ప్రభుత్వం" అన్నారు. ఏ నేరాల్లో రాజీ పడవచ్చో, కేసులు నడిపే తీరు చెప్పే చట్టం సీఆర్‌పీసీ 320వ సెక్షన్లో పట్టిక ఉండేది. ఇప్పుడది, 2024లో దాని బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్ 359. చేత్తో కొట్టి గాయపరిచే ఐపీసీ 323 అందులో ఉంది. ఆయుధంతో గాయపరిచే 324 ఒకప్పుడు కోర్టు అనుమతితో రాజీకి వీలున్నదే, తర్వాత తీసేశారు. మావాడు చెంప మీద కొట్టి ఊరుకుంటే కింది కోర్టులోనే తేలిపోయేది!

తెలిసినవాళ్లంతా ఒకటే ఉపాయం చెప్పారు: బోనెక్కి అడ్డం తిరుగు, ఎవరు కొట్టారో చూడలేదను, కేసు అదే పోతుంది. చాలా రాజీలు ఇలాగే ముగుస్తాయట. నాకు మనసొప్పలేదు. నేను క్షమించింది కొట్టినవాణ్ణి. ఎవరూ కొట్టలేదని ప్రమాణం చేసి చెప్పాక ఇక ఎవరిని క్షమించినట్టు?

మిగిలింది హైకోర్టు. 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన ప్రకారం, పట్టికలో లేని నేరమైనా అది ప్రధానంగా ఇద్దరి మధ్య వ్యవహారమైతే, రాజీని చూసి హైకోర్టు తన సహజాధికారంతో, అంటే న్యాయం కోసం తనకు స్వతహాగా ఉన్న అధికారంతో, కేసు కొట్టివేయవచ్చు. హత్య, అత్యాచారం, దోపిడీ వంటి వాటికి ఇది వర్తించదు. అవి సమాజం మీద జరిగిన నేరాలు. బాధితుడి కుటుంబం సంతకం పెట్టినా సరిపోదు. ఆ గీత అక్కడే ఉండాలని నాకూ అనిపిస్తుంది. డబ్బున్నవాడికి రాజీ కొనుక్కోవడం ఎంతసేపు?

అన్నయ్య బీఎన్‌ఎస్‌ఎస్ 528 కింద, అంటే ఆ సహజాధికారాన్ని వాడమని కోరుతూ, పిటిషన్ వేశాడు. నేను అఫిడవిట్ ఇచ్చాను. న్యాయమూర్తి నన్ను అడిగినవి రెండే: ఎవరైనా ఒత్తిడి చేశారా, రాజీ మీ ఇష్టప్రకారమేనా. జవాబు చెప్పడానికి నిమిషం కూడా పట్టలేదు. దాని కోసం ఏడాదిగా తిరుగుతున్నాం.

ఉత్తర్వు కాపీ వచ్చాక అన్నయ్య మొదటి పేజీ చదివి ఫోన్ చేశాడు.

"ఒరేయ్, దెబ్బలు తిన్నది నువ్వు కదా, నిన్ను రెండో ప్రతివాది అని రాశారేమిటి?"

"మొదటి ప్రతివాది ప్రభుత్వం అన్నయ్యా. నన్ను దాని పక్కన కూర్చోబెట్టారు."