సన్నాయి శ్రుతికే బాణీ కట్టాలి

సినిమాలో పెళ్ళి పాటకి కోనసీమ మేళం కావాలనుకుంటే, సంగీత దర్శకుడు బాణీ కట్టకముందే మేళగాళ్ళ సన్నాయి శ్రుతి కొలుచుకోవాలి. పెద్ద సన్నాయి మామూలుగా రెండు, రెండున్నర శ్రుతిలో (కీబోర్డు లెక్కలో D, D#) ఉంటుంది. గాయని గొంతుకు కుదిరిందని ఎక్కడో నాలుగు శ్రుతిలో పాట ఖాయం చేసి, తర్వాత సన్నాయిని అక్కడికి లాగాలంటే కుదరదు.

కంప్యూటర్లో శ్రుతి సరిచేసుకోవచ్చని మాత్రం అనుకోవద్దు. సన్నాయి ప్రాణమంతా స్వరం నుంచి స్వరానికి జారడంలో ఉంది. సాఫ్ట్‌వేర్ ఆ జారుడుని అపస్వరంగా లెక్కేసి మెట్లుగా నరికేస్తుంది, గమకం చచ్చిపోతుంది. కీబోర్డునే సన్నాయికి జరపండి. సన్నాయి 20 సెంట్లు (కీబోర్డులో పక్కపక్క మెట్ల మధ్య దూరంలో నూరో వంతు ఒక సెంటు) పైనుంటే కీబోర్డూ 20 సెంట్లు పైకి. కొలత మాత్రం సన్నాయి పీక (నోట్లో పెట్టుకుని ఊదే ముక్క) తడిసి, గొట్టం వేడెక్కాక, పావుగంట వాయించిన తర్వాతే తీసుకోవాలి. గాలి వేడి ఒక డిగ్రీ పెరిగితే శ్రుతి సుమారు 3 సెంట్లు ఎక్కుతుంది. అందుకే పొద్దున వాయించిన పల్లవీ మధ్యాహ్నం వాయించిన చరణమూ అతకవు.

డోలుది ఇంకో బాధ. శ్రావణ ముహూర్తాల రోజుల్లో చర్మం తేమ పీల్చి వదులైపోతుంది, దెబ్బ మొద్దుగా పడుతుంది. ప్రతి టేకుకి ముందు బిగింపు చూసుకోవాలి.

చోటు మండువా లోగిలైతే బాగుంటుంది. పెంకుల కప్పు, మధ్యలో ఆకాశం, ప్రతిధ్వని తక్కువ. రొయ్యల చెరువులు దగ్గరుంటే రాత్రి నిశ్శబ్దంగా ఉంటుందనుకోకండి. నీళ్ళలో ఆక్సిజన్ పడిపోయేది అప్పుడే కాబట్టి తెల్లవార్లూ ఏరేటర్లు తిరుగుతాయి. మైకుని సన్నాయి గరాటులోకి గురిపెట్టకండి, నాదం వేళ్ళ రంధ్రాల నుంచి కూడా వస్తుంది. మీటరున్నర ఎడంగా, కాస్త పైనుంచి పెట్టాలి. డోలుని సన్నాయికి వెనక రెండు మీటర్లలో కూర్చోబెట్టాలి. డోలు గట్టి దెబ్బ రికార్డర్ మీటరులో మైనస్ 12 డెసిబెల్స్ దాటకుండా చూసుకుంటే గట్టిమేళంలో శబ్దం చిట్లదు.

అసలు చిక్కు వేగం. నిమిషానికి 96 దెబ్బలైతే, సెకనుకి 24 ఫ్రేముల లెక్కన ఒక్కో దెబ్బకి 15 ఫ్రేములు, ఆదితాళం ఒక ఆవర్తనానికి (ఎనిమిది దెబ్బలు) సరిగ్గా 5 సెకన్లు. జీలకర్ర బెల్లం షాటు 20 సెకన్లకి పడుతుందంటే నాలుగు ఆవర్తనాలు. కానీ ముహూర్తం దగ్గరపడే కొద్దీ మేళం సహజంగా ఉరుకుతుంది. వేగం 100కి చేరితే ఆ నాలుగూ 19.2 సెకన్లలో అయిపోతాయి, గట్టిమేళం 19 ఫ్రేములు ముందే మోగుతుంది. అలాగని అందరి చెవుల్లో క్లిక్ (వేగం తప్పకుండా వినిపించే టక్ టక్ శబ్దం) పెడితే ఆ ఊపు పోతుంది. తాళం వేసే మనిషికొక్కడికే హెడ్‌ఫోన్ ఇవ్వండి. మిగతావాళ్ళు ఎప్పట్లా ఆయన్నే పట్టుకుని పోతారు. ఉరుకే కావాలనుకుంటే 96 నుంచి 100కి ఎక్కే క్లిక్ ముందే తయారుచేసి, దానికి తగ్గట్టు షాటు నిడివి ఎడిటర్‌తో మాట్లాడుకోవాలి.

మేళం సర్దుకోకముందు ఒక నిమిషం అందరినీ కదలకుండా ఉంచి ఖాళీ మండువాని రికార్డు చేసుకోండి. టేకులు కలిపేటప్పుడు మధ్యలో ఆ కొబ్బరాకుల గలగల లేకపోతే అతుకు వినిపిస్తుంది.