మూడోరోజు పాలు

గేదె ఈనిందంటే కోనసీమలో ఇరుగుపొరుగు జున్నుపాల కోసం గిన్నె సిద్ధం చేసుకుంటారు. అయినా ఏ రైతూ దూడ నోటికి అందకుండా మొదటి పాలన్నీ పిండెయ్యడు. ముర్రుపాలు పడని దూడ బతికి బట్టకట్టదని అతనికి తెలుసు. అదే ఇంట్లో కోడలు కంటే మాత్రం, పసుప్పచ్చగా జిగురుగా వచ్చే ఆ మొదటి పాలు చెడ్డవని పిండి పారబోయించడం మొన్నమొన్నటిదాకా ఉంది.

దీన్ని వట్టి మూఢనమ్మకమని తీసిపారెయ్యలేం. ప్రసవమైన మూడు నాలుగు రాత్రులకు తల్లికి పాలు పడతాయని పాత ఆయుర్వేద గ్రంథం సుశ్రుత సంహిత శారీరస్థానంలోనే ఉంది. చూసి రాసిన మాటే అది. మాయ పడిపోగానే ఒంట్లో, అందాకా పాలను ఆపి ఉంచిన ప్రొజెస్టిరాన్ అనే హార్మోను ఒక్కసారిగా తగ్గుతుంది. ఆ తర్వాత రెండు మూడు రోజులకు రొమ్ములు బరువెక్కి పాలు దిగుతాయి. సిజేరియన్ అయితే ఇంకో రోజు ఆలస్యం కావచ్చు. చిక్కల్లా ఎక్కడంటే, అందాకా రొమ్ము ఖాళీ అనుకోవడంలో. ముర్రుపాలు నెలలు నిండకముందే తయారై ఉంటాయి. కాకపోతే మొదటి రోజంతా కలిపినా సుమారు 30 మిల్లీలీటర్లు, అంటే ఓ ఆరు చెంచాలు. పుట్టిన రోజు బిడ్డ పొట్టకు ఒక్కో పూట ఒక చెంచాడు చాలు. కంటికి ఆనని కొలత కాబట్టి ‘పాల్లేవు’ అనేశారు.

దూడకూ మన బిడ్డకూ ఒక తేడా ఉంది. రోగాన్ని ఆపే ప్రతిరక్షకాలు గేదె మాయ దాటి కడుపులోని దూడకు చేరవు. అందుకే దూడకు ముర్రుపాలే దిక్కు. మన బిడ్డకు కొన్ని కడుపులో ఉండగానే అందుతాయి, ముర్రుపాలలోవి పేగుకు లోపలి పూతలా పనిచేస్తాయి. తేడా అంతే, పారబోయడానికి అదేం సాకు కాదు.

ఇంతకీ ఆ మూడు రోజుల సందులో ఏమేం దూరాయో చూడండి. తేనె, పంచదార నీళ్లు, ఆముదం. వీధిలోకి తోలుకొచ్చిన గాడిద నుంచి అప్పటికప్పుడు పిండి అమ్మే గుక్కెడు పాలు. వీటిలో తేనెకు భయపడాలి. ఏడాది నిండని బిడ్డ పేగులో తేనెలోని బాటులినమ్ అనే సూక్ష్మజీవి బీజాలు మొలకెత్తి విషం పుట్టిస్తే కండరాలు చచ్చుబడతాయి. నాలుకకు రాసే చుక్క కూడా వద్దు.

కలిగిన ఇళ్లలోకి దాది వచ్చింది. సంస్కృతంలోని ‘ధాత్రి’యే ప్రాకృతం మీదుగా మనకు ‘దాది’ అయింది. ఆవిడ పాలకు సుశ్రుతుడు చెప్పిన పరీక్ష ముచ్చటగా ఉంటుంది: నీళ్లలో వేస్తే తేలకుండా, మునగకుండా, తీగలు సాగకుండా కలిసిపోవాలి. ఇంకో మాట కూడా అన్నాడు. బిగిసి నిండిపోయిన రొమ్మును ముందు కాస్త పిండకుండా నోటికిస్తే బిడ్డకు దగ్గు, ఆయాసం, వాంతి వస్తాయని. పాలు ధారగా చిమ్మి పొలమారే బిడ్డల విషయంలో ఇవాళ్టి నర్సులూ అదే చెబుతారు.

మద్రాసు ప్రెసిడెన్సీలో తెల్లవారి ఇళ్లలో పాలిచ్చే దాదిని ‘అమా’ అనేవారు. దొరబిడ్డ బొద్దుగా పెరిగిన కథలు చాలా ఉంటాయి, ఆ అమా సొంత బిడ్డ ఏం తాగిందో ఎవరూ రాయరు. ఆ ప్రశ్నను చట్టంలో పెట్టింది ఫ్రాన్సు. 1874లో వచ్చిన రూసెల్ చట్టం ప్రకారం, దాదిగా కుదరాలంటే తన బిడ్డకు ఏడు నెలలు నిండాయనో, లేదా ఆ బిడ్డకు మరో తల్లి పాలిస్తోందనో కాగితం చూపాలి.

దాది తర్వాత డబ్బా. 1867లో స్విట్జర్లాండులో హెన్రీ నెస్లే పాలు, గోధుమపిండి, పంచదార కలిపిన పొడి అమ్మకానికి పెట్టాడు. మన దేశంలో 1992 నాటి చట్టం పాలపొడి ప్రకటనలనూ ఉచిత నమూనాలనూ నిషేధించింది, డబ్బా మీద తల్లీబిడ్డల బొమ్మ కూడా వెయ్యకూడదు. అయినా ఆ మొదటి మూడు రోజుల్లోనే ఎవరో ఒకరు ‘పాపం, బిడ్డ ఆకలికి ఏడుస్తోంది’ అంటారు.

అక్కడే దెబ్బ పడుతుంది. రొమ్ములోంచి పాలు తీసిన కొద్దీ ఊరతాయి, తియ్యకపోతే తయారీ తగ్గిపోతుంది. డబ్బాపాలతో కడుపు నిండిన బిడ్డ రొమ్ము పట్టదు. పట్టకపోతే పాలు పెరగవు. నాలుగో రోజుకి ‘చెప్పానా, పాల్లేవని!’ అన్న మాట నిజమై కూర్చుంటుంది. గేదె దగ్గర మనకు తెలిసిన సంగతే ఇది. దూడ మూతి తగలందే గేదె చేపదు, అంటే పాలు వదలదు. గేదెను చేపించే ఆక్సిటోసిన్ హార్మోనే తల్లికి చేపు రావడానికీ కావాలి, నొప్పీ బెంగా దాన్ని వెనక్కి లాగుతాయి.

కాబట్టి పుట్టిన గంటలోపే రొమ్ము పట్టించాలి, రోజుకు 8 నుంచి 12 సార్లు. రాత్రి పూటలు మానకూడదు, పాలు ఊరించే ప్రొలాక్టిన్ రాత్రే ఎక్కువ. పట్టు సరిగా ఉందో లేదో చూడాలంటే బిడ్డ నోరు బాగా తెరిచి, కింది పెదవి బయటికి మడిచి, గడ్డం రొమ్ముకు ఆనించాలి. మొనను మాత్రమే చప్పరిస్తే మొన పగులుతుంది, పాలు రావు. సిజేరియన్ కుట్ల మీద బరువు పడకుండా బిడ్డను చంక కిందుగా పట్టుకోవచ్చు. ఇక ‘పాలు చాలుతున్నాయా’ అన్నదానికి ఏడుపు సాక్ష్యం కాదు, తడిబట్టలు సాక్ష్యం. మొదటి రోజు ఒకటి, రెండో రోజు రెండు, ఐదో రోజు దాటాక రోజుకు ఆరైనా తడవాలి. మొదట్లో బరువు కొంత తగ్గడం మామూలే. పదో వంతు తగ్గినా, రెండు వారాలకీ పుట్టిన బరువుకు రాకపోయినా డాక్టరుకు చూపించాలి.

పథ్యం సంగతి ఒక్క మాట. బాలింతకు పెట్టే కాయం మందు, వెల్లుల్లి కారం, పాలసొర చేప కూర తింటే తిననివ్వండి, హాని లేదు. బాలింతకు నీళ్లు కట్టెయ్యడం మాత్రం వద్దు, గోదావరి ఉక్కపోతలో మరీ. పాలిచ్చే తల్లికి మామూలుకన్నా రోజుకు 600 కేలరీలు ఎక్కువ కావాలి.

బిడ్డ రొమ్ము పట్టలేకపోతే చేత్తో పిండి ఉగ్గుగిన్నెతో పట్టాలి. బొటనవేలూ చూపుడువేలూ మొనకు రెండు మూడు సెంటీమీటర్ల వెనక ఉంచి, ముందు ఛాతీవైపు నొక్కి, తర్వాత వేళ్లు దగ్గరికి తేవాలి. చర్మం మీద వేళ్లు జారిస్తే మంటే తప్ప పాలు రావు. ముర్రుపాలు బొట్లుబొట్లుగానే వస్తాయి, వాటినే పట్టాలి. ఊడ్పులకో ఉద్యోగానికో వెళ్లే తల్లి తీసిపెట్టిన పాలు 25 డిగ్రీల దాకా నాలుగు గంటలు ఆగుతాయి. మన ఎండల్లో అంతసేపు బయట ఉంచొద్దు, ఫ్రిజ్‌లో నాలుగు రోజులు ఉంటాయి.

ఉగ్గుగిన్నె మంచిదే, పాత పద్ధతే మంచిది కాదు. చాచిన కాళ్ల మీద బిడ్డను వెల్లకిలా వేసి గొంతులో పోస్తే పాలు ఊపిరితిత్తుల్లోకి పోతాయి. వీపుకు చెయ్యి ఆసరా ఇచ్చి సగం కూర్చోబెట్టి, గిన్నె ముక్కును పెదవి మూలన ఆనించి కొంచెం వంచాలి. మింగిన చప్పుడు విన్నాకే మళ్లీ వంచాలి. గిన్నె ముక్కు సందులో పాలజిడ్డు ఉండిపోతుంది. అక్కడ సన్న బ్రష్‌తో తోమి, మరిగే నీళ్లలో పది నిమిషాలు ఉంచాకే మళ్లీ వాడాలి.