గువ్వ మెడలో కంటె: ఒక అరబ్బీ ప్రేమ గ్రంథాన్ని తెలుగులోకి దించిన అనుభవం

పదకొండో శతాబ్దపు స్పెయిన్‌లో అరబ్బీ రచయిత ఇబ్న్ హజ్మ్ ప్రేమ గురించి రాసిన ‘తౌఖ్ అల్ హమామా’ను మూలంలో చదివి తెలుగు చేయబోతే, మొదట పేరు దగ్గరే పని ఆగింది. హమామా అంటే గువ్వ. తౌఖ్ అంటే మెడను చుట్టి ఉండే గట్టి వలయం. ముందు ‘హారం’ అని రాసుకున్నాను. హారం వేలాడుతుంది కాబట్టి గువ్వ మెడ చుట్టూ ఈకల్లో ఉండే గీతకు అది కుదరదు. చివరికి మన నగల పేర్లలోనే దొరికింది: కంటె. వంగదు, వేలాడదు, మెడకు పట్టి ఉంటుంది.

ఈ పుస్తకానికి ఆధారం ఒకే ఒక్క రాతప్రతి. అది లైడెన్ విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో ఉంది, హిజ్రీ 738లో, అంటే క్రీ.శ. 1338లో నకలు చేసింది. రచయిత పుట్టింది 994లో కోర్డొబాలో, పోయింది 1064లో. అల్మేరియా నుంచి ఒక మిత్రుడు కోరితే షాతిబాలో ఉండగా రాశాడు. 1914లో రష్యన్ పండితుడు పెట్రోఫ్ దీన్ని మొదటిసారి అచ్చువేశాడు. నకలు రాసినాయన కవితల్లో చాలావాటిని తీసేశానని తానే ఒప్పుకున్నాడు. అందుకే వచనంలో ఒక సంగతి చెప్పి ‘దీని గురించే అంటాను’ అన్నాక వచ్చే కవిత ఒక్కోసారి మరీ పొట్టిగా, తెగినట్టు ఉంటుంది. అక్కడ మన తెలివి చూపించి అతుకు వేయకూడదు. నేను పెట్రోఫ్ పాఠాన్నీ, తర్వాత ఇహ్సాన్ అబ్బాస్ పరిష్కరించిన పాఠాన్నీ పక్కపక్కన పెట్టుకున్నాను. రెండూ వేరుపడిన ప్రతిచోటా పెన్సిల్ గీత పెట్టాకే అనువాదం మొదలు.

నిఘంటువుల సంగతి ముందే తెలిసి ఉంటే చాలా సమయం మిగిలేది. ఇంగ్లీషువాళ్ల పెద్ద అరబ్బీ కోశం లేన్‌ది, 1863 నుంచి 1893 వరకు భాగాలుగా వచ్చింది. అది ‘ఖాఫ్’ అక్షరం దాటాక పలచబడిపోతుంది, ఆ తర్వాత ఉన్నవి అరకొర నోట్సే. ఇక ఈ పుస్తకానికి ప్రాణమైన మాటలు చూడండి: కిత్మాన్ (దాచుకోవడం), వస్ల్ (కలయిక), హజ్ర్ (ఎడముఖం పెట్టడం), వాషీ (చాడీలు చెప్పేవాడు), వఫా (మాట తప్పకపోవడం), హవా (మోహం). అన్నీ కాఫ్, వావ్, హా అక్షరాల కిందే, వర్ణమాలలో ఈ మూడూ ఖాఫ్ తర్వాతే వస్తాయి, అంటే సరిగ్గా లేన్ చేయి వదిలేసిన చోటే! వాటికి ‘లిసాన్ అల్ అరబ్’ అనే పాత అరబ్బీ నిఘంటువు తీయాల్సిందే. అందులో మాటలు ధాతువు చివరి అక్షరాన్ని బట్టి ఉంటాయి. ‘వస్ల్’ కావాలంటే లామ్ కింద వావ్‌లో వెతకాలి. అలవాటు పడేదాకా ఒక్కో మాటకు పదేసి నిమిషాలు పోతాయి.

తెలియని మాటకైతే ఎలాగూ నిఘంటువు తీస్తాం. ఉర్దూ చెవినపడి పెరిగిన తెలుగువాళ్లం బోల్తా పడేది తెలిసిన మాట దగ్గర. రకీబ్ అనగానే గజళ్లలోని ప్రత్యర్థి, అదే అమ్మాయి మీద మనసుపడ్డ ఇంకొకడు గుర్తొస్తాడు. ఇబ్న్ హజ్మ్ రకీబ్ వేరు: ప్రేమికులను కనిపెట్టి ఉండే కాపలా మనిషి. నేటి అరబ్బీలో సైన్యంలోని సార్జెంటునూ ఆ మాటతో పిలుస్తారు. ఆ అధ్యాయం మొత్తం ‘ప్రత్యర్థి’ అని దించాక గాని తప్పు తెలియలేదు. పక్కనే వచ్చి కూర్చుని కదలని మనిషిని భరించడం గురించి రాశాడు, పోటీ గురించి కాదు. హవా కూడా అంతే. మనకది గాలి. అరబ్బీలో గాలికి చివర హమ్జా అనే అక్షరం ఉంటుంది, మోహానికి ఉండదు. ఇంకోవైపు కొన్ని మాటలు ఉచితంగా సాయపడతాయి. వస్ల్ ధాతువు నుంచే మన ‘వసూలు’ వచ్చింది, ధాతువులోని చేరడం అనే అర్థం పట్టుకుంటే దారి దొరుకుతుంది. దూతల అధ్యాయంలో ఎవరిని రాయబారం పంపుతారో ఇచ్చిన జాబితాలో రక్తం తీసే వైద్యురాలు, తలదువ్వే మనిషి, ఏడుపులు పాడే మనిషి, పాటకత్తెలతో పాటు ‘దల్లాలా’ కూడా ఉంది. మన దళారి అక్కడిదే, ఇక్కడ ఆడమనిషి. వీళ్లకు ‘దూతిక’ అని పెట్టాలని చేయి లాగుతుంది. పెడితే మాత్రం చదివేవాళ్ల మనసులో అలంకారశాస్త్రం మొత్తం దిగిపోతుంది.

ఉత్తరాల అధ్యాయంలో ఒక ప్రేమికుడు కత్తితో చేయి కోసుకుని ఆ రక్తంతో రాసిన ఉత్తరం ఉంది. ఆరిన తర్వాత తాను చూశాననీ, లక్క రంగే అనుకున్నాననీ ఇబ్న్ హజ్మ్ అంటాడు. మూలంలో ఉన్న మాట ‘లక్క్’, మన దేశం నుంచి వెళ్లిందే. నిఘంటువు అక్కర్లేని చోటు ఇదొక్కటే.

ఉపమానాలలో నన్ను ఎక్కువ తిప్పలు పెట్టింది ఊసరవెల్లి. ప్రేమ లక్షణాల అధ్యాయంలో, ఎదుటి మనిషి ఎటు కదిలితే చూపు అటే తిరుగుతుందని చెబుతూ ‘ఎండతో పాటు తిరిగే హిర్బా’ అంటాడు. హిర్బా అంటే ఊసరవెల్లే. మనకు ఊసరవెల్లి అంటే రంగులు మార్చేది, నమ్మరానిది. ఉన్నదున్నట్టు రాస్తే స్థిరమైన ప్రేమికుడు కాస్తా మోసగాడవుతాడు. పొద్దుతిరుగుడు పువ్వు పెడదామంటే అది అమెరికా మొక్క, పదకొండో శతాబ్దపు కోర్డొబాలో లేదు. కాబట్టి ఊసరవెల్లిని ఉంచేసి ‘ఎండ ఎటుంటే అటు తల తిప్పే’ అని ముందు చేర్చాను.

తెలుగు క్రియ పెట్టే ఇబ్బంది అన్నిటికన్నా పెద్దది. అరబ్బీ ప్రేమ కవిత్వంలో ఆడమనిషిని కూడా పుంలింగంలో పిలవడం రివాజు. మరికొన్ని కథల్లో ఇష్టపడింది నిజంగా మగవాణ్ణే. ముఖద్దమ్ అనే ఆయన ఒక మంత్రి ఇంటి కుర్రవాడు అజీబ్ కోసం మసీదులో గంటలు గంటలు కూర్చునేవాడు. ఆ చూపులకు విసిగి కుర్రవాడు లేచి కొడితే ‘నా కళ్లు చల్లబడ్డాయి’ అన్నాడు. అరబ్బీ నుడికారమూ అదే కావడంతో మార్చే పనే పడలేదు. అయితే కవితలో లింగం తేలనప్పుడు ‘వచ్చాడు’ అన్నా ‘వచ్చింది’ అన్నా మూలంలో లేని నిర్ణయం మనం చేసినట్టే. ‘వచ్చారు’ అంటే పెళ్లిచూపులకు వచ్చినట్టుంటుంది. నేను చేసింది ఇది: కర్తను తీసేసి చూపు, మాట, అడుగు, రాక లాంటి నామవాచకాల మీద వాక్యం నడిపాను. ‘నన్ను చూడగానే తలదించుకున్నాడు’ బదులు ‘నన్ను చూడగానే తల దిగింది’. పది చరణాల్లో ఏడెనిమిదింటికి సరిపోతుంది. మిగిలినవాటికి సందర్భం వెతుక్కోవాలి, అదీ లేకపోతే పుంలింగమే ఉంచి కింద ఒక ముక్క రాయాలి. ‘ఆమె’ అని సర్దేయడం చాలా అనువాదాలు చేసిన పని, నాకు అది ఒప్పుకోబుద్ధి కాలేదు.

తొలిచూపు అధ్యాయంలోని రమాదీ కథకు కూడా ముక్క రాయాల్సి వచ్చింది, వేరే కారణంతో. కోర్డొబాలో అత్తర్ల వర్తకుల ద్వారం దగ్గర ఈ కవి ఒక అమ్మాయిని చూసి, వంతెన దాటి వెంట నడుస్తాడు. ఆమె ఆగి, ఎందుకు వస్తున్నావని నిలదీస్తుంది. అతను అడిగే మొదటి ప్రశ్నల్లో ఒకటి: ‘స్వతంత్రురాలివా, బానిసవా?’ బానిసనే అంటుంది, పేరు ఖల్వా. ప్రతి శుక్రవారం ఇదే వేళకు ఇక్కడే కనిపిస్తానంటుంది. మళ్లీ కనిపించదు. ‘ఆకాశం నాకేసిందో, భూమి మింగేసిందో’ అంటాడు. ఆ చివరి మాట తెలుగులో తనంత తానే కూర్చుంటుంది, ఆ ప్రశ్న మాత్రం కూర్చోదు. ‘అమ్మాయి’ అని రాస్తే కొనుగోలు, అమ్మకం మాయమవుతాయి. ‘దాసి’ అంటే పనిమనిషో, దేవదాసీయో అనిపిస్తుంది. బానిస అనే రాశాను, గరుకుగా ఉన్నా.

ఆ ప్రశ్న బరువు తెలియాలంటే 29వ అధ్యాయం చదివి ఉండాలి. మొత్తం 30 అధ్యాయాల్లో చివరి రెండూ పాపం వికారం గురించీ, నిగ్రహం గురించీ. అక్కడ వచ్చే ‘జినా’ను మన పత్రికల భాషలో ‘వ్యభిచారం’ అంటే డబ్బు వ్యవహారం అనుకుంటారు. జినా అంటే పెళ్లి గాని, బానిస మీద యాజమాన్యం గాని లేకుండా కలవడం. యజమాని తన బానిసతో కలిస్తే ఆనాటి ఇస్లాం న్యాయంలో జినా కాదు. అందుకని జినాను జినాగానే ఉంచి, వివరణను 29లో కాకుండా రమాదీ కథ ఉన్న పుట అడుగునే వేశాను.