అడగని బిడ్డకు ఎవరు చెప్పాలి?

పస్కా, అంటే ఇశ్రాయేలీయులు ఐగుప్తు దాస్యం నుంచి బయటపడిన పండుగ, దగ్గర పడుతుంటే మన సంఘాల్లో నిర్గమకాండం పన్నెండో అధ్యాయం తప్పకుండా వినిపిస్తుంది. గొర్రెపిల్ల, ద్వారబంధాల మీద రక్తం, అర్ధరాత్రి ఐగుప్తులో లేచిన ఏడుపు. అందరికీ కంఠతా వచ్చిన సంగతే. పదమూడో అధ్యాయం ఎనిమిదో వచనం దగ్గర మాత్రం ఎవరూ ఆగరు. అక్కడ నెత్తురు లేదు, కేకలు లేవు. నేను ఐగుప్తు నుంచి బయటికి వచ్చినప్పుడు యెహోవా నాకు చేసినదాన్ని బట్టే ఇది చేస్తున్నానని ఆ రోజు నీ కొడుక్కి చెప్పు అంటుంది. అంతే.

పిల్లలకు ఈ సంగతి చెప్పమని ధర్మశాస్త్రంలో నాలుగు చోట్ల ఉంది. నిర్గమ 12:26లో పిల్లలు అడుగుతారు. 13:14లో కొడుకు అడుగుతాడు. ద్వితీయోపదేశ 6:20లోనూ అడుగుతాడు. ఈ ఎనిమిదో వచనంలో మాత్రం బిడ్డ నోరు విప్పడు. అయినా చెప్పమన్నాడు దేవుడు. నా మనసు ఏళ్ల తరబడి అక్కడే ఆగిపోయింది.

యూదు పెద్దలు ఈ నాలుగు వాక్యాల నుంచి నలుగురు కొడుకుల్ని తీసి హగ్గాదాలో, అంటే పస్కా రాత్రి ఇంట్లో చదివే పుస్తకంలో, కూర్చోబెట్టారు. తెలివైనవాడు, దుష్టుడు, అమాయకుడు, అడగడం తెలియనివాడు. విచిత్రమేమిటంటే దుష్టుడికీ, అడగడం తెలియనివాడికీ ఇచ్చింది ఒకటే వాక్యం, ఈ ఎనిమిదో వచనమే. "ఈ పనంతా మీకెందుకు" అని వెక్కిరించేవాడికి అదే వాక్యంతో పళ్లు రాలగొట్టినట్టు జవాబు చెప్పమన్నారు: యెహోవా చేసింది నాకు, నువ్వు అక్కడుంటే నీకు విడుదల దొరికేది కాదు! మౌనంగా కూర్చున్నవాడి దగ్గర మాత్రం ఆ వాక్యంతోనే నువ్వే మాట మొదలుపెట్టు అన్నారు. మనం ఇళ్లలో చేసేది సరిగ్గా మొదటి సగమే. ఎదురు మాట్లాడే పిల్లల మీద వాక్యం విసురుతాం. మాట్లాడని పిల్లలు బాగానే ఉన్నారనుకుంటాం.

ఆ రాత్రి భోజనాన్ని, అంటే సెడెర్‌ను, ఎలా కట్టారో చూస్తే ఈ సంగతి ఇంకా తేటగా కనిపిస్తుంది. బిడ్డ నోట ప్రశ్న రప్పించడానికే సగం తంతు. తినేముందే ఆకుకూరను ఉప్పునీళ్లలో ముంచుతారు, ఎందుకో చెప్పరు. రొట్టె విరిచి సగం దాచేస్తారు. రెండో గిన్నె ద్రాక్షారసం పోస్తారు, తాగరు. యూదుల పాత ధర్మనియమాల గ్రంథం మిష్నా ఇక్కడే కొడుకు తండ్రిని అడుగుతాడని రాసింది, వాడికి ఆ తెలివి లేకపోతే తండ్రే నేర్పాలంది. రబ్బీ అకీబా పస్కా సాయంత్రం పిల్లలకు వేయించిన గింజలూ కాయలూ పంచేవాడట, వాళ్లు నిద్రపోకుండా ఉండి అడగాలని. అంత గొప్ప పండితుడు ఆ రాత్రి పిల్లల కోసం బఠానీలమ్మే తాతలా తిరిగాడంటే నాకు ఎంత ముద్దొస్తుందో.

మిష్నా మీద పండితుల చర్చలున్న తల్మూదులో అబయే అనే పండితుడి కథ కూడా ఉంది. అతను పిల్లవాడిగా రబ్బా అనే గురువు ఇంట్లో పెరిగాడు. ఒక పస్కా రాత్రి ఇంకా ఎవరూ తినకముందే బల్లను ముందు నుంచి తీసేశారు. "ఇంకా తిననే లేదు, అప్పుడే తీసేస్తారా?" అన్నాడు. రబ్బా సంతోషపడి, ఇక మేం ప్రశ్నలు చదవనక్కర్లేదు, నువ్వు అడిగేశావు అన్నాడు. ఆకలితో, చిరాకుతో వచ్చిన ప్రశ్న కూడా ఆయనకు చాలింది. తల్మూదు నియమం కూడా చెప్పింది: కొడుకు అడగకపోతే భార్య అడగాలి. ఒంటరిగా ఉన్నవాడు తనను తానే అడుక్కోవాలి. అన్నీ తెలిసిన ఇద్దరు పండితులు కూర్చున్నా ఒకరినొకరు అడగాలి. ప్రశ్న లేకుండా ఆ రాత్రి గడవకూడదు, అంతే.

ఇప్పుడు అమెరికా సంగతి. ఈ మధ్య ఇక్కడి ఒక తెలుగు కూటంలో ఒకాయన "అమెరికా యూదులు డబ్బులో పడి దేవుణ్ణి మరిచిపోయారు" అన్నాడు. జనం ఆమెన్ అన్నారు. నాకు ఒళ్లు మండింది. న్యూజెర్సీలో వాళ్ల పక్క వీధుల్లోనే బతుకుతూ, వాళ్ల గుడి ముందు నుంచే రోజూ కారు తోలుతూ, ఇంత తేలికగా తీర్పు చెబుతామా?

1881 నుంచి 1924 దాకా తూర్పు ఐరోపా నుంచి ఇరవై లక్షలకు పైగా యూదులు అమెరికా వచ్చారు. కుట్టుమిషన్ల దగ్గర శనివారం కూడా పని. రానంటే సోమవారం రావద్దనేవారు. పోనీ సొంత కొట్టు పెట్టుకుంటే చట్టప్రకారం ఆదివారం మూసెయ్యాలి. విశ్రాంతి దినమైన శనివారం ఎలాగూ మూస్తారు, కాబట్టి వారానికి రెండు రోజుల బేరం పోయింది. ఫిలడెల్ఫియా వ్యాపారులు దీని మీద సుప్రీంకోర్టు దాకా వెళ్లి 1961లో ఓడిపోయారు. ఫరో లేడు, కొరడా లేదు. నువ్వు నీ దేవుణ్ణి కొలుచుకోవచ్చు, కానీ అద్దె మాత్రం టైముకి కట్టాలి. ఈ టెన్షన్‌లో ఎంతమంది తండ్రులు విశ్రాంతి దినం మొదలయ్యే శుక్రవారం సాయంత్రం దీపం దగ్గరికి చేరగలిగారో ఆలోచించండి.

కొందరు కావాలనే వదిలారు, అదీ నిజం. 1883లో సిన్సినాటిలో హీబ్రూ యూనియన్ కాలేజీ మొదటి రబ్బీల పట్టాభిషేకం విందులో ధర్మశాస్త్రం తినొద్దన్న రొయ్యలు, పీతలు, కప్పకాళ్లు వడ్డించారు. కొందరు లేచి వెళ్లిపోయారు. రెండేళ్లకు పిట్స్‌బర్గ్‌లో సంస్కరణవాద రబ్బీలు చేరి, మోషే ఇచ్చిన ఆహార నియమాలు ఈ కాలపు మనసుకు సరిపడవని తీర్మానం రాశారు. వాళ్లను తిట్టడానికి నేను రాయడం లేదు. నాకు కనబడేది వేరు. బల్ల మీద ఉన్నది పక్కింటి బల్ల మీద ఉన్నదానిలాగే అయిపోతే, బిడ్డ దేన్ని చూసి అడుగుతాడు? తండ్రి ఏదో పోగొట్టుకున్నానని ఎరిగి బాధపడతాడు. మనవడికి పోయిందన్న సంగతే తెలియదు. వాడు దుష్టుడు కాడండీ. వాడు నాలుగోవాడు. 2010 తర్వాత పెళ్లి చేసుకున్న అమెరికా యూదుల్లో 61 శాతం మంది యూదులు కానివారిని చేసుకున్నారని ప్యూ అనే అమెరికా పరిశోధన సంస్థ 2020 సర్వే. మన కూటాల్లో ఈ అంకె చెప్పి తల ఊపుతారు. ఆ పిల్లలకు ఎవరు, ఎప్పుడు, ఏం చెప్పారని మాత్రం ఎవరూ అడగరు.

హనుక్కాను చూడండి. మోషే ధర్మశాస్త్రంలో లేని చిన్న పండుగ. అమెరికాలో అంత పెద్దదైపోయింది. ఎందుకంటే డిసెంబరులో పక్కింట్లో చెట్టు వెలిగింది, బిడ్డ అడిగాడు: మనకెందుకు లేదు? ఎదుటివాడి ఇంటి నుంచి పుట్టిన ప్రశ్నకు ఎనిమిది రాత్రుల కానుకలే జవాబయ్యాయి. మన ఇంటి బల్ల నుంచి ప్రశ్న పుట్టకపోతే పక్కింటి నుంచి పుడుతుంది. పుట్టక మానదు.

అయినా పస్కా నిలిచింది! అదే 2020 సర్వేలో నెలకు ఒక్కసారైనా గుడికి వెళ్లే యూదులు ఐదుగురిలో ఒకరే. సెడెర్‌లో కూర్చున్నామన్నవాళ్లు 62 శాతం. మ్యాక్స్‌వెల్ హౌస్ కాఫీ కంపెనీ 1932 నుంచి కాఫీ డబ్బాతో పాటు ఉచితంగా పంచిన హగ్గాదా ఐదు కోట్ల ప్రతులు దాటింది. వ్యాపారమే, కాదనను. కానీ హీబ్రూ మరిచిపోయిన ఇంట్లో ఇంగ్లీషుతో సహా ఆ నీలిరంగు పుస్తకం ఉంది. కాకుల చేత ఏలీయాకు రొట్టె పంపినవాడు కాఫీ కంపెనీ చేత పుస్తకం పంపలేడా?

నాకు అన్నిటికంటే ఇష్టమైనది 1862 నాటిది. అమెరికా అంతర్యుద్ధం రోజులు. ఉత్తరాది సైన్యంలో ఒహాయో 23వ దళంలోని ఇరవై మంది యూదు సైనికులు వెస్ట్ వర్జీనియా కొండల్లో పస్కా చేసుకున్నారు. జె. ఎ. జోయెల్ అనే సైనికుడు నాలుగేళ్ల తర్వాత ఒక యూదు పత్రికలో ఆ కథ రాశాడు. పులియని రొట్టెలు పీపాల్లో సిన్సినాటి నుంచి వచ్చాయి. గొర్రెపిల్ల దొరికింది. చేదు కూర దొరక్క అడవిలో ఏదో ఘాటైన మొక్క పీకి తెచ్చారు. అది మిరపకాయ కంటే మండి, ఆ మంటకు పులిసిన ఆపిల్ రసం అంతా తాగేసి, ఒకడు నేనే మోషే అన్నాడు, ఒకడు అహరోను, ఒకడు ఫరో! ఐగుప్తులో తొక్కిన బురదకు గుర్తుగా పెట్టే హరోసెత్ అనే ముద్దకు పళ్లూ గింజలూ లేవు. ఏం చేశారు? నిజం ఇటుకను తెచ్చి బల్ల మీద పెట్టారు. తినలేరు కదా, దాన్ని చూస్తూ అది దేనికి గుర్తో తలుచుకున్నారట.

అక్కడ పిల్లలెవరూ లేరు. అడిగేవాళ్లు లేరు. తెల్లారితే ఎవడు బతికుంటాడో తెలియదు. గడ్డి ఇవ్వకుండా ఇటుకల లెక్క మాత్రం తగ్గించొద్దన్న ఫరో మాట చదివినప్పుడల్లా ఆ కొండల్లోని ఇటుకే నా కళ్ల ముందు ఉంటుంది. ఏ సామగ్రీ లేదు కాబట్టి ఈ ఏడాదికి మానేద్దామని వాళ్లు అనుకోలేదు. మనకు అన్నీ ఉన్నాయి, ఒక సాయంత్రం దొరకదు.

1957లో బ్రూక్లిన్ నుంచి లుబావిచ్ అనే హసిదీ యూదు శాఖ నాయకుడు రబ్బీ మెనాకెం మెండెల్ ష్నీర్సన్ పస్కాకు ముందు ఒక ఉత్తరం రాశాడు. ఆ నలుగురు కొడుకులూ, దుష్టుడితో సహా, కనీసం బల్ల దగ్గర ఉన్నారు. మన కాలంలో ఐదోవాడున్నాడు, వాడు అసలు రాలేదు, సెడెర్ ఉందని కూడా వాడికి తెలియదు అన్నాడు. కొత్త దేశంలో ఇమడాలని తల్లిదండ్రులు పాత ఆచారాల్ని బరువుగా భావించి వదిలేయడమే దీనికి మూలమనీ చెప్పాడు. అక్కడితో ఆపలేదు. వాణ్ణి వెతికి తెచ్చి కూర్చోబెట్టాలి, ఒక్క యూదుణ్ణి కూడా పోయినవాడిగా లెక్క రాయకూడదు అన్నాడు. తప్పిపోయిన గొర్రె ఉపమానం మీద లెక్కలేనన్ని ప్రసంగాలు విన్నవాళ్లం మనం.

మా పక్కింటి పెద్దాయన ఒకసారి మమ్మల్ని సెడెర్‌కు పిలిచారు. కోడలు కాథలిక్ ఇంటి పిల్ల. మనవడు టాబ్లెట్‌లో మునిగిపోయి ఆ రాత్రి చిన్నవాళ్లు అడగాల్సిన నాలుగు ప్రశ్నలూ చదవనన్నాడు. తాత కోప్పడలేదు. ఆ కోడలే పుస్తకం తీసుకుని, తడుముకుంటూ అడిగింది. ఆయన ఆమెకు చెప్పడం మొదలుపెట్టాడు. మా తాత పోలండ్ నుంచి వచ్చినప్పుడు అని మొదలుపెట్టి ఐగుప్తు దాకా వెళ్లాడు. పిల్లవాడు సోఫాలో నిద్రపోయాడు. వాళ్లమ్మ మాత్రం చివరిదాకా వింది. కొడుకు అడగకపోతే భార్య అడగాలన్న మాట నేను అప్పటికి చదవలేదు.

ఇదంతా చదివి, మన చర్చి హాల్లో సెడెర్ పెడదాం, ఫొటోలు దిగుదాం అని దయచేసి బయలుదేరకండి. అది వాళ్లది. చాలామంది యూదులకు అది బాధ కలిగిస్తుంది. యేసు ప్రభువు ఇదే సెడెర్ చేశాడు అనడం కూడా సరికాదు. ఈ రూపం చాలావరకు యెరూషలేము దేవాలయం కూలిపోయిన తర్వాత ఏర్పడింది. తెలుగులో చూడాలనుంటే గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిము అని చెప్పుకునే యూదులున్నారు, పస్కా చేసుకుంటారు. వాళ్లను అతిథులుగా చూడండి, అనుకరించకండి.

మన పని మన ఇంట్లో ఉంది. మీ అమ్మ ఏ ఊళ్లో, ఏ పెంకుటింటి చర్చిలో మోకరించిందో, మీ నాన్న బాప్తిస్మం తీసుకున్నప్పుడు ఊరు ఏమందో, వీసా రాని ఏడాది మీరు రాత్రిళ్లు ఏ కీర్తన పట్టుకుని నిలబడ్డారో మీ పిల్లలకు తెలుసా? వాళ్లు అడగలేదు కదా అంటారు. అడగరు. వాళ్ల ముందు అడగదగ్గది ఏమీ పెట్టలేదు మనం. ఒక రాత్రి ఫోన్లన్నీ పక్కన పెట్టి, అన్నం పళ్లెం కాస్త ఆలస్యం చేయండి. విసుక్కుంటే విసుక్కోనివ్వండి.

వాళ్లకు తెలుగు రాదని సాకు చెప్పొద్దు. పదహారో శతాబ్దంలో క్రాకో రబ్బీ మోషే ఇస్సెర్లెస్ హగ్గాదాను స్త్రీలకూ పిల్లలకూ అర్థమయ్యే భాషలో చెప్పాలి, లేదా వాళ్లకు వివరించాలి అన్నాడు. పవిత్ర భాషను ప్రాణంగా చూసుకున్నవాళ్లే ఆ సడలింపు ఇచ్చారు. ఇంగ్లీషులోనే చెప్పండి. తప్పులతో చెప్పండి. మీ ఉచ్చారణకు నవ్వుతారు, నవ్వనివ్వండి, ఈ గురువారమే మొదలుపెట్టండి.