మూడు రొట్టెలంత పాట

ఆషాఢం వచ్చిందంటే నా మిషన్‌కి సగం సెలవు. పెళ్ళిళ్ళుండవు, పట్టు జాకెట్లు రావు. శ్రావణం పడిందంటే మళ్ళీ ధర్మవరం చీరల కవర్లు బల్లమీద కుప్ప పడతాయి, "రేపటికే కావాలక్కా" అనేవాళ్ళు గడప దగ్గర నిలబడతారు. మధ్యలో దొరికే ఆ నెల ఫాల్స్ కుట్టుకుంటూ, బిగుతైన పాత జాకెట్లు విప్పి వదులు చేసుకుంటూ గడిచిపోతుంది. అనంతపురం పాతూరులో పన్నెండేళ్ళుగా ఇదే వరస. ఈసారి ఆషాఢంలో మాత్రం ఒక పాట కుట్టాను.

కుట్టాననే అంటాను. నాకు సంగీతం రాదు. చిన్నప్పుడు బడిలో ప్రార్థన పాడినప్పుడు కూడా నన్ను వెనక వరసలో నిలబెట్టేవాళ్ళు. కానీ ఫోన్లో పాట చేయడం మొదలుపెట్టాక తెలిసింది, అందులో సగం కత్తిరింపు, పావు అతుకు, మిగతా పావు విప్పి మళ్ళీ కుట్టడం. ఆ మూడూ నాకు కొత్త కాదు.

మా చెల్లెలి కొడుకు ఇంటర్ చదువుతున్నాడు. వాడే నా ఫోన్లో పాటలు చేసే యాప్ బ్యాండ్‌ల్యాబ్ ఎక్కించాడు. "గ్యారేజ్‌బ్యాండ్ బాగుంటాది గానీ పెద్దమ్మా, అది ఐఫోన్లోనే. ఎఫ్ఎల్ స్టూడియో మొబైల్‌కి డబ్బులు కట్టాల. ఇది ఊరికేనే" అన్నాడు. ఊరికే అన్నాక ఇంక నేను ఆగుతానా.

మొదటి రోజు సాయంత్రం లూపులతోనే సరిపోయింది. లూప్ అంటే ఎవరో ముందే వాయించి పెట్టిన చిన్న ముక్క. చీర అంచుమీద ఒకే నెమలి వరసగా వచ్చినట్టు, ఆ ముక్క తిరిగి తిరిగి వస్తుంటుంది. పై వరసలో డ్రమ్ములు, దాని కింద గిటారు, దాని కింద ఈల లాంటిదేదో వేశాను. అరగంటలో పాట తయారు. కొత్త బట్టల కొట్టు తెరిచినరోజు బయట బాక్సులు పెట్టి మోగిస్తారే, అట్లా ఉంది. మా ఆయన అన్నం తింటూ విని "బాగానే ఉంది, ఎవురిది?" అన్నాడు. నాదేనని చెప్పడానికి నోరు రాలేదు. రెడీమేడ్ జాకెట్టు తెచ్చి దానికి నా కొట్టు పేరు కుట్టినట్టుంది మరి.

ఆ ఆదివారం కళ్యాణదుర్గం రోడ్డులో మా ఊరికి పోయాను. మా జేజి, అంటే అవ్వ, పొయ్యి దగ్గర కూర్చుని జొన్నరొట్టెలు తడుతోంది. బయట మోడం, అంటే మబ్బు, పట్టింది. మా జిల్లాలో ఏడాది పొడుగునా కలిపి పడే వానే 550 మిల్లీమీటర్లు, కొంచెం అటూ ఇటూ. శెనక్కాయ విత్తే రోజుల్లో ఊళ్ళో అందరి మెడలూ పైకే ఉంటాయి. జేజి గుమ్మంలోంచి ఒకసారి ఆకాశం వైపు చూసి, చేతికింద రొట్టె తిప్పుతూ, తనలో తానే అనుకున్నట్టు అంది:

మోడమొచ్చె మోడమొచ్చె మా సేనిమీదికి
మోడమొచ్చి పాయెనమ్మ పక్కూరిమీదికి

అది ఎవరి పాటా కాదు. జేజి నోటికి అప్పుడు తోచింది, అంతే. "మళ్ళీ అను జేజీ" అంటే "ఏమంటిని?" అంది. ఆమె మర్చిపోయింది గానీ నేను మర్చిపోలేదు. బస్సులో వస్తూ ఆ రెండు వరసలకీ ఇంకో రెండు అతికించాను:

ఇత్తనాలు ఇంటిలోన, ఎద్దులేమొ కొట్టమ్లోన
ఇద్దరమూ వాకిట్లోన ఎదురు సూస్తిమి

రాత్రి ఇంటికొచ్చి నా బట్టల కొట్టు డ్రమ్ముల మీద పాడాను. కుదరలేదు. "మోడమొచ్చె" అనేలోపల డ్రమ్ము ముందుకు పోతుంది, లేదంటే నేను అయిపోయి దానికోసం కాచుకోవాలి. ఆరుసార్లు పాడాను. "నువ్వు తాళం తప్పుతాండావు పెద్దమ్మా" అన్నాడు మావాడు. పన్నెండేళ్ళు పెడల్ తొక్కిన కాళ్ళు ఇవి. తొక్కుడు తప్పితే దారం తెగుతుంది. నన్ను పట్టుకుని తాళం తప్పుతున్నావంటాడా!

తప్పెక్కడుందో పడుకున్నాక, జేజి చేతులు గుర్తు చేసుకుంటే దొరికింది. యాప్ తెరిస్తే దానంతటది 4/4లో ఉంటుంది. నాలుగేసి దెబ్బల లెక్క, ఒక్కో దెబ్బ రెండుగా, నాలుగుగా చీలుతుంది. జేజి రొట్టె అట్లా కాదు. ఒకటి గట్టిది, రెండు మెత్తవి. ధప్-తప-తప, ధప్-తప-తప. గట్టి దెబ్బతో రొట్టెని కొంచెం పక్కకి తిప్పుతుంది, ఆ రెండు మెత్తవాటితో అంచు సమం చేస్తుంది. సంగీతం నేర్చినవాళ్ళు తకిట అని, తిస్రమని చెప్పేది ఇదే. జేజి పాట ఆ నడకలో పుట్టింది. దాన్ని తీసుకెళ్ళి నాలుగు దెబ్బల చట్రంలోకి తోశాను. ఛాతీ 38 ఉన్న మనిషికి 34 సైజు తొడిగి, హుక్కు పడలేదని ఆ మనిషినే తిట్టినట్టు. కొట్టుకి ఎవరొచ్చినా ముందు టేపు తీసేదాన్ని, పాట దగ్గర ముందే కత్తెర పట్టుకున్నాను.

ఆ తర్వాతి ఆదివారం టేపుకి బదులు చేతి గడియారంతో పోయాను. 15 సెకన్లలో 20 గట్టి దెబ్బలు. అంటే నిమిషానికి 80. యాప్‌లో వేగం 80 పెట్టి, ఒక్కో దెబ్బ మూడుగా చీలేట్టు మార్చుకున్నాను. రొట్టె చప్పుడే రికార్డు చేద్దామని ఫోను పీటకి జానెడు దూరంలో పెట్టాను. గట్టి దెబ్బ పడినప్పుడల్లా యాప్‌లో చప్పుడు చూపించే గీత ఎర్రగా పైకంటా పోయింది. విని చూస్తే రేకు డబ్బా పగిలినట్టుంది. ఫోను రెండు మూరల దూరంలో పిండి డబ్బా మీదికి మార్చాక చప్పుడు నెమ్మదించింది.

"ఏమ్మే, పాట వింటారు గానీ రొట్టె సప్పుడు ఎవురన్నా వింటారా?" అంది జేజి.

"నువ్వు తట్టు జేజీ, మాట్లాడగాకు."

మాట్లాడకుండా ఉండటం జేజికి రొట్టెలు చేయడం కన్నా కష్టం. మూడు రొట్టెలు మాత్రం నిభాయించింది.

ఇంటికొచ్చి అందులో బాగున్న ఎనిమిది దెబ్బలు కత్తిరించి లూప్ చేశాను. లెక్క ప్రకారం అంతా సరిగ్గా ఉంది. ప్రాణమే లేదు. ఎందుకో తెలియక అసలు రికార్డింగు మొదటినుంచీ పెట్టుకుని విన్నాను. జొన్నపిండికి గోధుమపిండిలాగా సాగే గుణం లేదు. తడి ఆరేకొద్దీ అంచులు పగులుతాయి, అందుకని రొట్టె పెద్దదయ్యేకొద్దీ జేజి చెయ్యి వేగం అందుకుంటుంది. మొదట్లో ముద్ద మందంగా ఉంటుంది కాబట్టి చప్పుడు మొద్దుగా వస్తుంది. పలచబడ్డాక పీట చప్పుడు కలిసి టపటపమంటుంది. ఎనిమిది దెబ్బల ముక్కలో ఇదంతా ఎక్కడుంటుంది? లూప్ తీసేశాను, లెక్కకి టిక్కుటిక్కుమనే మెట్రోనోమ్ ఆపేశాను, మూడు రొట్టెలూ ఉన్నవున్నట్టు పరిచాను. ఒక్కో రొట్టెకి ఒక్కో చరణం. రొట్టె పెనం మీద వేసి, పైన తడిచేత్తో నీళ్ళు రాసే ఆ కాస్త సందు చరణానికీ చరణానికీ మధ్య ఊపిరి. ఇంతకన్నా మంచి కొలత నాకెవరు ఇస్తారు.

గొంతు రికార్డు చేయడం దగ్గర ఇంకో తిప్పలు. చెవుల్లో బ్లూటూత్ ముక్కలు పెట్టుకుని రొట్టె చప్పుడు వింటూ పాడాను. పాడుతున్నప్పుడు బ్రహ్మాండంగా ఉంది. తర్వాత వింటే ప్రతి మాటా ఒక అడుగు వెనకబడి ఉంది. సంగతేమంటే, బ్లూటూత్‌లో చప్పుడు చెవికి చేరేసరికి దాదాపు పావు సెకను ఆలస్యం. నిమిషానికి 80 దెబ్బలంటే దెబ్బకి ముప్పావు సెకను, అందులో మూడో వంతు సరిగ్గా ఆ పావు సెకనే. తకిటలో 'త' మీద పడాల్సిన నా మాట కచ్చితంగా 'కి' మీద పడింది. పైగా ఆ చెవిముక్కల మైకులోంచి నా గొంతు ఫోన్లో మాట్లాడినట్టు వచ్చింది. సప్తగిరి సర్కిల్ దగ్గర 150 రూపాయలు పెట్టి వైరున్న ఇయర్‌ఫోన్లు కొన్నాను. రెండు జబ్బులూ పోయాయి.

జేజిని కంటి డాక్టరుకి చూపించాలని అనంతపురం తీసుకొచ్చినప్పుడు ఆమె గొంతు రికార్డు చేశాం. ఇంట్లో గదులన్నీ గంగాళంలో మాట్లాడినట్టు మోగుతాయి. నా కొట్టులో మోగలేదు. మూడువైపులా వేలాడే జాకెట్లు, తానుల గుడ్డలు, కింద కత్తిరింపు ముక్కల మూటలు. చప్పుడు పోయి వాటిలో ఇంకిపోతుంది. స్టూడియో గోడలకి మెత్తలెందుకు అంటిస్తారో ఇప్పుడు తెలిసింది. నా కొట్టు పన్నెండేళ్ళుగా స్టూడియోనే, నాకే తెలియదు. ఫ్యాను ఆపి, షట్టరు సగం దించాను.

జేజి చెవిలో ఇయర్‌ఫోను పెట్టుకుని తన రొట్టె చప్పుడు తానే విని ఉలిక్కిపడింది. పాడమంటే నోరు రాదు. కాసేపటికి చేతులు వాటంతటవే లేచి నా కత్తిరింపు బల్లని తట్టడం మొదలుపెట్టాయి. చెయ్యి ఆడితేనే గొంతు పలుకుతోంది. బల్ల చప్పుడు మైకులో పడుతోందని ఒక చీర మడతపెట్టి ఒళ్ళో పెట్టాను. దాన్ని తడుతూ ఒకే ఊపులో మూడు చరణాలూ పాడింది. మూడో చరణం అప్పటికప్పుడు ఆమె కల్పించుకున్నదే, నేను రాసిన దానికన్నా బాగుంది. రాసిచ్చిన కాగితం కళ్ళజోడు కింద అట్లే ఉండిపోయింది.

ఇంకొక్క తప్పు కూడా చెప్తాను, మీరు చేయకుండా. పాట నున్నగా వస్తుందని ఆటోపిచ్ నొక్కాను. స్వరాన్ని సరిచేసే మీట అది. ఏ స్కేలో, అంటే పాట ఏ స్వరాల వరసలో ఉందో, చూడకుండా సీ మేజర్ అలాగే వదిలేశాను. జేజి పాడింది నాలుగున్నర శృతిలో, అంటే ఎఫ్ షార్ప్. సీ మేజర్‌లో ఆ స్వరమే లేదు. దాంతో ఆమె సా పట్టినప్పుడల్లా యాప్ ఒకసారి కిందికి, ఒకసారి పైకి గుంజింది. స్కేలు సరిచేశాక కూడా ఆమె జారుడు పోయి మెట్లు మెట్లుగా వచ్చింది. ఆమె గొంతుకి తీసేశాను. నా గొంతుకి ఉంచుకున్నాను, అవసరం నాకే ఉంది. వెనక ఒక తంబుర శృతి పెట్టాను. మిషన్ చప్పుడు కూడా కలిపి చూశాను గానీ, అది జేజి పాటలో నా గొప్ప చూపించుకున్నట్టుందని తీసేశాను.

ఈ పనిలో నాకు బాగా నచ్చింది కత్తిరింపే. గుడ్డ ఒకసారి కోస్తే కోసినట్టే. చంక దగ్గర లోతుగా కోసేసి రాత్రంతా ఏడ్చిన రోజులున్నాయి. ఇక్కడ ముక్క కోశాక కూడా దాని అంచు పట్టి లాగితే పోయిందనుకున్నది మళ్ళీ బయటికొస్తుంది. మొదటిసారి అట్లా లాగినప్పుడు "అయ్యో" అనే జేజి మాట బయటపడింది. మూడో రొట్టె మాడిపోయినప్పటిది. దాన్ని లోపలికి తోయబుద్ధి కాలేదు. పాట చివర అట్లే ఉంచాను.

మొత్తం రెండు నిమిషాల పది సెకన్లు. వాట్సాప్‌లో చుట్టాలందరికీ పంపాను. జేజికి మాత్రం పోయి వినిపించాను. పొయ్యి ముందు కూర్చుని, ఫోను చెవికి ఆనించుకుని, కళ్ళు మూసుకుని చివరిదాకా విన్నది. "అయ్యో" దగ్గర నవ్వింది. తర్వాత చాలాసేపు ఏమీ అనలేదు.

"ఎట్లుంది జేజీ?"

"బాగుంది గానీ, వాన పడనేల్యా గదమ్మే పాటలో" అంది. "ఇంగో రొట్టెకి పిండి కలుపు."