నన్నెందుకు కుర్చీలో కూర్చోబెట్టినట్టు?

నిద్ర పట్టడం లేదు. అంత పెద్ద విషయమేం కాదంటున్నారు ఈయన. ఆయన్నెవరూ కుర్చీ ఎక్కించలేదుగా మరి!

బెజవాడ ఎండలో పట్టుచీర కట్టుకుని ఓణీల ఫంక్షన్‌కి వెళ్ళొచ్చాం. పిల్ల ముద్దుగా ఉంది, గోంగూర బాగుంది. తంటా అంతా ఫోటోల దగ్గరే. "పెద్దవాళ్ళు ముందు కుర్చీల్లో కూర్చోండి" అన్నాడు ఫోటోల అబ్బాయి. నేను వెనక వరసలోకి వెళ్తుంటే, "అమ్మా, మీరిటు" అని వేలు పెట్టి మరీ చూపించాడు. నాకన్నా ఆరేళ్ళు పెద్దదైన మా వదిన, జుట్టుకి నిగనిగలాడే రంగేసుకుని, నా వెనకాల నిలబడి భుజం మీద చెయ్యేసింది. కరోనా అప్పుడు రంగు మానేశాను, అదీ నేను చేసిన నేరం. అసలు రంగు దాకా ఎందుకు, ఈ ఇంట్లో అడుగుపెట్టిన రోజు నుంచీ నేను పెద్దొదిననే. ఎవరికి తగువొచ్చినా "పెద్దొదిన చెప్తుంది" అనేవాళ్ళు. అప్పటికి నాకు వంకాయ కూర కూడా సరిగ్గా వచ్చేది కాదు.

ఇంటికొస్తే ఈయన ఫోన్లో 'అర్ధాంగి' సినిమా. నటుడు గుమ్మడి అందులో జమీందారు, అక్కినేనికీ జగ్గయ్యకీ తండ్రి. ఒళ్ళు మండింది. అది 1955 సినిమా. గుమ్మడి పుట్టింది 1927లో. ముప్పై కూడా నిండని మనిషి, తనకన్నా పెద్దవాడైన అక్కినేనికి నాన్న! రెండేళ్ళకి మాయాబజార్‌లో బలరాముడు. ఎన్టీఆర్ గుమ్మడికన్నా నాలుగేళ్ళు పెద్ద, తెర మీద మాత్రం తమ్ముడు. ఆ తర్వాత ఎన్ని సినిమాల్లో గుండె పట్టుకుని ఒరిగిపోయాడో. ఒక్కరైనా అడిగారా, అబ్బాయ్, నీకూ ఓ డ్యూయెట్ కావాలా అని?

మా నాన్నది తెనాలి వైపు. గుమ్మడి తెర మీదకి రాగానే "మా రావికంపాడాయన" అనేవాడు, ఏదో చుట్టరికం ఉన్నట్టు. దూరదర్శన్‌లో మహామంత్రి తిమ్మరుసు వేసిన రోజు మా ముందుగది నిండా పక్కింటివాళ్ళే, చాప మీద చోటు లేదు. రాయలవారు ఎన్టీఆర్, ఆయన అప్పాజీ అని పిలిచే తిమ్మరుసు గుమ్మడి. తిమ్మరుసుకి కళ్ళు తీయించే శిక్ష పడేసరికి నాన్న లేచి, సైకిల్‌కి తాళం వేశానో లేదో అంటూ వసారాలోకి వెళ్ళిపోయాడు. సైకిల్ ఇంట్లోనే ఉంది, నా పక్కనే, గోడకి ఆనించి. అయ్యాక వచ్చి, కళ్ళజోడు పంచె కొంగుతో తుడుచుకుంటూ, "ఏమైంది?" అన్నాడు ఏమీ ఎరగనట్టు. నాన్న అప్పటికే ముసలాయనని నా లెక్క. ఇద్దరు చెల్లెళ్ళ పెళ్ళిళ్ళు చేసి, తమ్ముడికి ఫీజులు కడుతున్న మనిషి. ఇప్పుడు చూసుకుంటే ఆయనకి నలభై కూడా లేవు.

ఇంతా తిట్టుకున్నాక ఇంకోటి తోస్తోంది. తిమ్మరుసు వచ్చింది 1962లో. పక్కన ఎన్టీఆర్ రాజుగా ఉండగా సినిమా పేరు ముప్పై అయిదేళ్ళ గుమ్మడి పాత్రది! హీరో వేషాల కోసం పాకులాడి ఉంటే అది దొరికేదా? హీరోలు యాభై దాటాక కూడా నడుం బిగించి చెట్ల చుట్టూ తిరగాల్సి వచ్చింది. గుమ్మడికా బెంగ లేదు. ముసలితనం ముందే వచ్చేసింది కాబట్టి ఇక కొత్తగా వచ్చేదేం లేదు. 1977లో పద్మశ్రీ కూడా ఇచ్చారు. అంటే నష్టపోయాడని నేనెందుకు ఏడుస్తున్నాను?

అబ్బే, అదీ కాదు. ఆయన సాయంత్రం కాగానే విగ్గూ మీసం తీసి మేకప్‌మేన్ చేతిలో పెట్టి ఇంటికెళ్ళేవాడు. పైగా డబ్బులిచ్చేవాళ్ళు. నాకెవరిస్తారు?

ఇది టైప్ చేస్తుంటే మరిది ఫోన్. గుంటూరులో గృహప్రవేశానికి ఎవరెవరికి బట్టలు పెట్టాలో చెప్పమని. "మీ అక్కనడుగు, పెద్దది కదా" అని పెట్టేశాను. కాసేపటికి ఆ అక్కే చేసింది, లిస్టు చెప్పవే అని. చెప్పాను. రవికల గుడ్డలతో సహా.