ఐదు ఫ్రేముల ఆలస్యం

మన విభాగంలో యానిమేషన్ చదివినవాళ్లెవరికైనా నల్ల ఫిల్ము గీకుడు గుర్తుండే ఉంటుంది. నల్లటి సినిమా ఫిల్ము మీదే నేరుగా బొమ్మలు గీకి కదిలించడమన్నమాట, కెమెరా అక్కర్లేదు. లైట్ బాక్స్ (కింద నుంచి వెలుగు వచ్చే పెట్టె), సూది, బ్లేడు, 35 ఎంఎం ఫిల్ము ఉంటే చాలు. కంప్యూటర్ మీదే నేర్చుకుంటున్న తమ్ముళ్లూ చెల్లెళ్లూ ఒక్కసారైనా చేసి చూడాలని ఇది రాస్తున్నాను.

ముందు ఎమల్షన్ వైపేదో, అంటే గీకాల్సిన రంగు పొర ఉన్న వైపేదో తేల్చుకోవాలి: తడి పెదవికి ఆనిస్తే అంటుకునేది అదే. ఫిల్ము మీద ఒక్కో బొమ్మ ఒక్కో ఫ్రేము: అడుగుకు 16 ఫ్రేములు, సెకనుకు 24. అంటే అడుగున్నర గీకితే ఒక్క సెకను. రంగుల ప్రింట్ ఫిల్ములో నల్లగా కనిపించేదంతా మూడు పొరలు. పైపైన గీకితే ఆకుపచ్చ, ఇంకాస్త దిగితే పసుపు, అట్టడుగున తెలుపు. చెయ్యి కాస్త బరువైతే రంగు మారిపోయినట్టే. నల్ల ఫిల్ము మీద ఫ్రేముల హద్దులు కనిపించవు కాబట్టి, ఫ్రేముకు ఫిల్ము అంచున ఉండే నాలుగు రంధ్రాల చొప్పున గళ్లు గీసిన పట్టీ పక్కన పెట్టుకోవాలి. లెక్క తప్పితే గీత తెరమీద ఎగిరెగిరి పడుతుంది. (నార్మన్ మెక్‌లారెన్, ఎవెలిన్ లాంబార్ట్ 1949లో కెనడాలో కావాలనే హద్దులు పట్టించుకోకుండా ఫిల్ము పొడవునా రంగులు పూశారు. అది తెలిసి చేసిన పని.)

అసలు సంగతి ఆకారంలో లేదు, వ్యవధిలో ఉంది. ఒక చతురస్రం వచ్చి రెండోదాన్ని తాకింది. రెండోది వెంటనే కదిలితే 'తోసింది' అంటారు చూసినవాళ్లు. రెండు మూడు ఫ్రేములు ఆగి కదిలితే ఏదో జిగురున్నట్టు అనిపిస్తుంది. ఐదు ఫ్రేములు, అంటే సెకనులో అయిదో వంతు ఆగితే, తోసిన భావన మాయమై 'తనంతట తనే వెళ్లిపోయింది' అంటారు. మిషోట్ అనే బెల్జియం మనస్తత్వవేత్త పరిశీలించింది ఈ తేడానే. 1944లో హైడర్, సిమెల్ అనే మనస్తత్వవేత్తలు రెండు త్రిభుజాలు, ఒక చిన్న వృత్తం, తలుపున్న ఒక పెట్టె కదిలే ఫిల్ము చూపిస్తే, 34 మందిలో ఒక్కరే దాన్ని జామెట్రీగా వర్ణించారు. మిగతావాళ్లంతా ప్రాణమున్న జీవుల కథే చెప్పారు.

సంగీతం ముందే కలిపితే బలహీనమైన కదలిక కూడా బాగున్నట్టే అనిపిస్తుంది, అక్కడే మోసపోతాం. అందుకే మొదట మూగగా చూపించాలి. చూసినవాళ్లను 'అర్థమేమిటి' అని అడగనిచ్చేవారు కాదు మా మాస్టారు, 'ఏం జరిగింది' అని అడగమనేవారు. 'తరిమింది', 'దాక్కుంది' అన్న మాటలు వస్తే వ్యవధి కుదిరినట్టు. 'రంగులు బాగున్నాయండీ' అంటే మళ్లీ లైట్ బాక్స్ ముందు కూర్చుని ఫ్రేములు లెక్కపెట్టుకోవడమే.